పడమటి ఎస్కలేటర్ లెక్క

జూన్ 2, సోమవారం

పడమటి పై అంతస్తుకి వచ్చే జనం నెల తిరిగేసరికి దాదాపు సగమయ్యారు. గ్రాఫ్ చూస్తే మెట్టు దిగినట్టుంది. నెమ్మదిగా వాలలేదు. ఒక వారం ఉన్నారు, మరుసటి వారం లేరు.

పదిహేనేళ్ళు పత్రికలో పనిచేసి ఈ మాల్ ఆఫీసుకి వచ్చాను. జనం ఇలా తగ్గరు. బస్సు రూటు మారినా, పక్కన ఇంకో మాల్ వెలిసినా వంకరటింకరగా తగ్గుతారు. కొందరు అలవాటు కొద్దీ వస్తూనే ఉంటారు. ఇలా కత్తెరతో కత్తిరించినట్టు తగ్గితే తేడా ఇంకెక్కడో ఉండాలి.

మేనేజర్‌కి ఆ అనుమానం లేదు. ఆయన దగ్గర కారణం రెడీగా ఉంది. ఆన్‌లైన్. జనం ఇంట్లో కూచుని కొంటున్నారట. మరి తూర్పు వైపు వచ్చేవాళ్ళ దగ్గర ఫోన్లు లేవా అన్నాను. నవ్వి ఊరుకున్నాడు. నెలాఖరుకి ఓనర్ల మీటింగ్. ఈలోగా మాల్‌కి వచ్చే జనం తీరు మీద నేను రిపోర్ట్ ఇవ్వాలి. నా రిపోర్ట్ కూడా ఇదే పాట పాడితే పడమటి పై అంతస్తులో చిన్న షాపులన్నీ ఖాళీ చేయించి మొత్తం బంతులు దొర్లించే బౌలింగ్ ఆట పెట్టే ఒక కంపెనీకి ఇచ్చేస్తారు.

ఆ షాపుల్లో ఒకటి మా వదినది. ప్యాంట్లు పొట్టి చేస్తుంది, జిప్పులు మారుస్తుంది, లావైనవాళ్ళకి కుట్లు వదులు చేస్తుంది. నేనుండేది అన్నయ్యా వదినల ఇంట్లోనే, వెనక గదిలో. ఈ సంగతి మేనేజర్‌కి ముందే చెప్పేశాను. తర్వాత ఇంకెవరో చెప్పేకన్నా నయం. ఆయన, అంకెలకి చుట్టరికాలు ఉండవు కదండీ, రాయండి, అన్నాడు.

వదినకి మాత్రం ఏమీ చెప్పలేదు. చెబితే కూరలో ఉప్పు ఎక్కువవుతుంది.

జూన్ 3, మంగళవారం

మొదటి అనుమానం మెషీన్ మీద. ఏప్రిల్ ఆఖర్లో కొత్తవి పెట్టారు. పైకప్పుకి బిగించిన నల్ల డబ్బా. కింద నడిచే తలకాయల్ని లెక్కపెడుతుంది. పాతవాటిలో ఎర్ర కాంతి గీత ఉండేది. దాన్ని ఎవరు దాటినా ఒకటి పడేది.

కంపెనీ ఇంజనీరుకి ఫోన్ చేశాను. మెషీన్‌లో తప్పు లేదు మేడమ్, నేనే స్వయంగా పడమటి ఎస్కలేటర్ పదిసార్లు ఎక్కాను, పదీ పడ్డాయి, అన్నాడు. పాతదానికీ దీనికీ తేడా ఏమిటని గుచ్చి గుచ్చి అడిగితే అప్పుడు చెప్పాడు, గ్రూప్ మోడ్ ఉంది, మీ ఓనర్లే కావాలన్నారు, అని. అంటుకుని నడిచేవాళ్ళని కొత్త మెషీన్ ఒకటిగా లెక్కవేస్తుంది. భార్య, భర్త, ఇద్దరు పిల్లలు వస్తే నాలుగు కాదు, ఒకటి. కొనేది ఒకసారే, పర్సు ఒకటే కాబట్టి.

దొరికింది అనుకున్నాను. ఆ సంతోషం టీ చల్లారేదాకా కూడా నిలవలేదు. కుటుంబాలు వచ్చేది తూర్పు వైపు. కార్లు ఆగేది అక్కడే. గ్రూప్ మోడ్ వల్ల తగ్గితే తూర్పు తగ్గాలి. పడమటి గుమ్మం ఎదురుగా ఉండేది బస్టాప్. అక్కడ దిగేవాళ్ళు చాలావరకు ఒంటరిగా వస్తారు. చెప్పు తెగినవాళ్ళు, కళ్ళజోడు విరిగినవాళ్ళు, డ్యూటీకి వెళ్ళబోతూ ప్యాంటు ఇచ్చి పోయేవాళ్ళు.

తూర్పులో తగ్గింది కొంచెం. పడమటి వైపు సగం. లెక్క తలకిందులుగా ఉంది.

జూన్ 5, గురువారం

కుర్చీలో కూచుని లాభం లేదని బయల్దేరాను.

పొద్దున తూర్పు గుమ్మం దగ్గర నిలబడ్డాను. కుటుంబాలు కలిసి నడుస్తాయని ఎవరు చెప్పారో గానీ, వాళ్ళకి కుటుంబం లేదు. తండ్రి ఫోన్లో మాట్లాడుకుంటూ ముందు పోతాడు. పిల్లలు బొమ్మల షాపు వైపు పరుగు. తల్లి అందరి సంచులూ మోసుకుంటూ చివర్న. మెషీన్ వాళ్ళని విడివిడిగా లెక్కపెట్టింది. నిజం చెప్పాలంటే తప్పు పట్టలేను.

మధ్యాహ్నం పడమటి పై అంతస్తుకి వెళ్ళి ఎస్కలేటర్ ఎక్కి దిగే చోట బెంచీ మీద కూచున్నాను. ఈ మాల్ కట్టినవాడు తెలివైనవాడు. పడమట ఎస్కలేటర్ పైకే వెళ్తుంది. దిగాలంటే పై వరండా పొడుగునా నడిచి తూర్పుకి రావాలి. మామూలు మెట్లు, లిఫ్టు అక్కడే. దారిలో షాపులన్నీ చూడాలని ఈ ఏర్పాటు.

బెంచీ మీద కూచుని చూసింది చూసినట్టు రాస్తున్నాను.

పోస్ట్‌మన్ యూనిఫాంలో ఒకాయన, పుస్తకాల సంచితో ఒక టీచరమ్మ, చెయ్యీ చెయ్యీ పట్టుకుని పైకి వచ్చారు. ఎస్కలేటర్ దిగగానే వదిలేశారు. ఆయన చెప్పుల షాపుకి, ఆవిడ కళ్ళజోళ్ళ షాపుకి. ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు. తర్వాత ఒక పెద్దావిడ, చెవుల్లో ఇయర్‌ఫోన్స్ పెట్టుకున్న కాలేజీ అమ్మాయి. అంతే. చేతులు కలిపి వచ్చారు, పైన విడిపోయారు. తర్వాత ఇద్దరు మగవాళ్ళు, బస్తాలు ఎత్తే మనుషుల్లా ఉన్నారు. వాళ్ళూ అంతే.

ఒకటి రెండు జంటలైతే ఏదోలే అనుకుందును. పైకి వచ్చినవాళ్ళలో సగానికి పైగా ఇలాగే వచ్చారు.

జూన్ 6, శుక్రవారం

చేతులు పట్టుకుని వస్తారు. పైన విడిపోతారు. ఎందుకు?

జూన్ 9, సోమవారం

రాత్రి భోజనాల దగ్గర ఈ విషయం ఎత్తాను. షాపుల సంగతి ఎత్తలేదు, జంటల సంగతే.

అన్నయ్య చెయ్యి కడుక్కోకుండా అరగంట మాట్లాడాడు. జేబుదొంగలై ఉంటారన్నాడు. ఒకడు చెయ్యి పట్టుకుంటాడు, ఇంకో చేత్తో పర్సు లాగుతాడు. మరి రెండోవాళ్ళు ఊరుకుంటారా అంటే, అదేనే టెక్నిక్కు, అన్నాడు. సిటీ బస్సు నడిపేవాడికి లోకమంతా జేబుదొంగలే. ఇవాళ ఆయనకి మళ్ళీ మెమో వచ్చింది. మాల్ స్టాప్‌లో రోజూ పొద్దున బస్సు ఎక్కువసేపు ఆపుతున్నాడట. సిగ్నల్ పడితే నేనేం చేస్తాను, ఎగరనా, అని డిపో వాళ్ళని తిట్టాడు.

వదిన ఒక్క ముక్క మాట్లాడలేదు. అదే వింత. ఆవిడ షాపు తొమ్మిదేళ్ళుగా అక్కడే. ఆ జంటలు రోజూ ఆవిడ గుమ్మం ముందు నుంచే పోతుండాలి. చూడలేదా వదినా అంటే, నాకు సూది చూసుకోవడానికే టైము చాలదే అమ్మాయ్, మనుషుల చేతులు కూడా చూడాలా, అంది. పైగా, జీతమిచ్చి మరీ జనం చేతులు చూడమంటున్నారా నిన్ను, మంచి ఉద్యోగమే, అని దెప్పింది. తర్వాత కుళాయి తిప్పి, కడిగిన గిన్నెలే మళ్ళీ కడిగింది.

జూన్ 11, బుధవారం

తేలింది. ఎక్కడ తేలాలో అక్కడే, కింద.

పడమటి గార్డుని అడిగాను. గార్డులు నన్ను లెక్కలమ్మ అంటారు, నాకు తెలియదనుకుంటారు. ఆయన ఇది కూడా తెలీదా అన్నట్టు చూసి, ఎస్కలేటర్ మొదట్లో ఉన్న స్తంభం చూపించాడు. అక్కడ నిలబడండి మేడమ్, నేను చెబితే మజా ఉండదు, అన్నాడు.

నిలబడ్డాను. కాసేపటికి కొరియర్ సంచి భుజానేసుకుని ఒకాయన వచ్చాడు. గుమ్మానికి అడ్డం నిలబడితే గాలి రానంత మనిషి. వచ్చి స్తంభానికి అటువైపు నిలబడి, ఎస్కలేటర్ వంక ఒకసారి, నా వంక ఒకసారి చూసి, పైకేనాండీ, అన్నాడు. అవునన్నాను. చెయ్యి చాపాడు.

పట్టుకున్నాను. అరచెయ్యి తడిగా ఉంది. ఎక్కేముందు కళ్ళు మూసుకుని, ఊఁ, అన్నాడు. ఇద్దరం ఒకేసారి కాలు పెట్టాం. పైకి వెళ్ళేదాకా నా వేళ్ళు నలిగిపోయాయి. పైన వదిలేసి, థాంక్సండీ, అని వెనక్కి చూడకుండా పోయాడు.

భయం. అంతే. ఎస్కలేటర్ అంటే భయం. ఒక్కరూ ఎక్కలేనివాళ్ళు స్తంభం దగ్గర ఆగుతారు. ఇంకొకరు వస్తే పైకేనా అంటారు. అవునంటే చెయ్యి. పైన ఎవరి దారి వాళ్ళది. పేరు అడగరు, కబుర్లు చెప్పరు. కలిసి ఏడ్చినవాళ్ళు తర్వాత ఒకరినొకరు తప్పించుకు తిరిగినట్టు.

ఆఫీసుకి వచ్చి ఆ నిమిషం రికార్డు తీశాను. నేనూ ఆ కొరియరాయనా పైకి వెళ్ళిన నిమిషం. మెషీన్ లెక్క: ఒకటి.

మెషీన్ దృష్టిలో మేం ఒక కుటుంబం.

జూన్ 12, గురువారం

పొద్దున షాపులు తెరిచే వేళకి కావాలనే పడమటి గుమ్మం వైపు వెళ్ళాను. స్తంభం దగ్గర ఒకావిడ టిఫిన్ డబ్బా పట్టుకుని జంట కోసం చూస్తోంది.

మా వదిన.

నన్ను చూడలేదు. చూడనివ్వలేదు.

జూన్ 13, శుక్రవారం

అన్నయ్య డ్యూటీకి వెళ్ళాక అడిగేశాను. ముందు ఏ స్తంభం అంది. తర్వాత, నీ కళ్ళల్లో కాటుక పెట్ట, అంది. తర్వాత చెప్పింది.

తొమ్మిదేళ్ళ కిందట షాపు తాళాలు ఇచ్చిన రోజు. తాళాలు చేతిలో ఉన్నాయి, షాపు పైనుంది, మధ్యలో ఆ మెట్లు. చాలాసేపు నిలబడిందట. పక్కన ఇంకో ఆవిడ కూడా ఊరికే నిలబడి ఉంది, ఎవరికోసమో చూస్తున్నట్టు నటిస్తూ. చివరికి ఆవిడే, మీరెక్కితే నేనూ ఎక్కుతానండీ, అందట. ఆవిడెవరో ఇప్పటికీ తెలీదు. మర్నాడు ఇంకెవరో. ఆ మర్నాడు ఇంకెవరో. అలా స్తంభం స్తంభమైంది.

చేత్తో పట్టుకోవడానికి పక్కన రెయిలింగ్ ఉందిగా అన్నాను. అదీ కదులుతుందిగా అంది. భయం దేనికి అన్నాను. నేల అన్నాక ఒకచోట ఉండాలా వద్దా, కాలు పెడదామంటే పారిపోయేది నేలేమిటే, అంది.

తూర్పు మెట్ల మీంచి వెళ్ళొచ్చు. కానీ బస్సు దిగి మాల్ ఈ చివర్నుంచి ఆ చివరికి, మళ్ళీ పైన ఆ చివర్నుంచి ఈ చివరికి. మోకాళ్ళ నొప్పులున్న గిరాకీ ఎవరు వస్తారు అంది. నిజమే.

అన్నయ్యకి తెలుసా అన్నాను. ఒక్కసారిగా గొంతు తగ్గించింది. మీ అన్నయ్య బస్సంత బస్సు నడుపుతాడు, నేను మెట్లకి భయపడతానంటే డిపో అంతా చెప్పుకుని నవ్వుతాడు, నువ్వుగానీ నోరు జారావో, నీ గదికి తాళం వేసి తాళం చెవి ఏ ప్యాంటు మడతలోనో కుట్టేస్తా, అంది.

అప్పుడు నేను చెప్పాల్సింది చెప్పాను. బౌలింగ్ కంపెనీ, ఓనర్ల మీటింగ్, గ్రూప్ మోడ్. అంతా విని కుట్టుమిషన్ మీద చెయ్యి పెట్టి కూచుంది. అంటే మేం చేతులు పట్టుకున్నందుకా మా షాపులు పోతున్నది, అంది.

ఒక్క ముక్కలో చెప్పాలంటే, అవును.

జూన్ 16, సోమవారం

మేనేజర్‌కి చెప్పాను. ఆసక్తిగా విన్నాడు. విని, ఇది పత్రికలో వస్తే బాగుంటుంది, మీటింగ్‌లో నిలబడదు, అన్నాడు. చేతులు పట్టుకుని వచ్చిన ఇద్దరు ఒకరికొకరు ఏమీ కారంటే ఓనర్లు ఎలా నమ్ముతారు? పర్సు ఒకటి కాదు రెండని రుజువేది? అందులోనూ చెబుతున్నది మీరు, షాపు మీ వదినగారిది.

గ్రూప్ మోడ్ ఒక్క పడమట తీసేయమన్నాను. ఓనర్లని అడగాలన్నాడు. అడిగాడు. మీటింగ్ అయ్యేదాకా ఏదీ ముట్టుకోవద్దన్నారట.

మెషీన్‌ని మార్చలేకపోతే మనుషుల్ని మార్చాలి. వదినకి చెప్పాను, ఈ నాలుగు రోజులు ఎవరూ చేతులు పట్టుకోకుండా ఎక్కమని చెప్పు, ఒకరి వెనక ఒకరు, కాస్త ఎడంగా. రేపట్నుంచి స్తంభం దగ్గర తనే నిలబడి అందరికీ చెబుతానంది.

జూన్ 17, మంగళవారం

పరువు పోయింది.

స్తంభం దగ్గర వదిన అందరికీ చెప్పింది. అందరూ బుద్ధిగా తల ఊపారు. ఎస్కలేటర్ దాకా వెళ్ళారు. ఆగారు. వెనక్కి వచ్చారు. కొరియరాయన మూడుసార్లు వెళ్ళి మూడుసార్లు వచ్చి, మా ఆఫీసు పార్సెల్ గార్డుకి ఇచ్చి పోయాడు. టీచరమ్మ, నా పాత కళ్ళజోడే బాగుందిలెండి, అని బస్సెక్కేసింది. చెప్పిన వదిన కూడా ఎక్కలేదు. తూర్పు మెట్ల మీంచి చుట్టూ తిరిగి ఆలస్యంగా షాపు తెరిచింది.

సాయంత్రం లెక్క చూశాను. నిన్నటి సగంలో సగం. ఈసారి మెషీన్ అబద్ధం చెప్పలేదు.

ఇంట్లో వదిన మొహం మాడ్చుకుని ఉంది. నీ లెక్క సరిచేయబోతే మా గిరాకీ పోయింది అంది. తప్పు నాదే. చెయ్యి ఉంటే మెషీన్ లెక్కపెట్టదు. చెయ్యి లేకపోతే మనిషే రాడు.

జూన్ 18, బుధవారం

పొద్దున టీ తాగుతుంటే వదిన అడిగింది, మీ మెషీన్‌కి ఎంత దూరముంటే ఇద్దరని తెలుస్తుంది? రెండు మెట్ల ఎడముంటే చాలన్నాను. చెయ్యే పట్టుకోవాలని ఎక్కడ రాసుందే, అంది. లోపలికెళ్ళి షాపు సంచి తెచ్చి కుమ్మరించింది. ప్యాంట్లు పొట్టి చేసినప్పుడు కత్తిరించిన అంచులు. ఖాకీ, నీలం, బూడిద రంగు. వాటిని కొసా కొసా కలిపి కుట్టింది. ఒక్కొక్కటీ రెండు మూరల పొడుగు పట్టీ.

ఒక కొస ఒకరు, ఇంకో కొస ఇంకొకరు. మధ్యలో రెండు మెట్లు ఖాళీ.

స్తంభానికి మేకు కొట్టకూడదు, రూల్. గార్డు పట్టీలన్నీ తన కుర్చీ వీపుకి తగిలించుకున్నాడు. ఇదేమిటీ, మమ్మల్ని కట్టేసి తీసుకెళ్తారా, అని కొరియరాయన అడిగాడు. తాడు కాదు నాయనా, పట్టుకుంటే పట్టు, వదిలితే వదులు, అంది వదిన. పట్టుకున్నాడు. ఎక్కాడు. వెళ్ళాడు.

పైన పోగైన పట్టీలని చెప్పుల షాపాయన టీకి దిగినప్పుడల్లా సంచిలో వేసుకుని కిందకి తెస్తున్నాడు.

చెయ్యి పట్టుకున్నంత ధైర్యంగా ఉందా అని వదినని అడిగాను. చెయ్యి చెయ్యే, అంది. మళ్ళీ తనే, కాకపోతే అవతలి కొస ఎవరో పట్టుకున్నారని తెలుస్తుంటుంది, అంది.

జూన్ 19, గురువారం

పడమటి గ్రాఫ్ ఏప్రిల్‌లో ఎక్కడుందో అక్కడికి వచ్చింది. మెట్టు దిగినట్టే, మెట్టెక్కింది. తగ్గింది జనం కాదు. లెక్క.

జూన్ 20, శుక్రవారం

మేనేజర్ నమ్మలేదు. మీ వదినగారే పట్టీ పట్టుకుని రోజంతా పైకీ కిందకీ తిరిగారేమో అన్నాడు. మొహం మీదే అన్నాడు. నేనైనా అదే అనుమానించేదాన్ని. రండి, కూచుని చూద్దాం అన్నాను.

మధ్యాహ్నం ఇద్దరం పై బెంచీ మీద కూచున్నాం. పట్టీ వదిలేసిన ప్రతి జంటనీ అడిగాం, మీరిద్దరూ కలిసి వచ్చారా అని. అడగమన్నది నేను, అడిగింది ఆయన. నేనడిగితే మళ్ళీ చుట్టరికం మధ్యలోకి వస్తుంది.

పోస్ట్‌మన్, పక్కనున్నాయన్ని ఇప్పుడే చూస్తున్నట్టు చూసి, ఈయనెవరండీ, అన్నాడు. ఒక పెద్దావిడ, మా ఆయనైతే ఎందుకు పట్టుకుంటాను, అంది. చాలామంది నవ్వారు. కొందరు సిగ్గుపడి తల అడ్డంగా ఊపి పోయారు. ఒక్క జంట మాత్రం మొగుడూ పెళ్ళామే. ఇద్దరి మొహాలూ ముటముటలాడుతున్నాయి. కలిసే వచ్చారా అంటే ఆయన అవునన్నాడు. ఆవిడ, మెట్ల దాకా, అంది. చెరో వైపూ వెళ్ళిపోయారు. వీళ్ళని ఒకటిగా రాయాలా రెండుగానా అని మేనేజర్ నన్నడిగాడు. రెండు పర్సులు కనిపించాయి కాబట్టి రెండు అన్నాను.

కాసేపటికి ఆయన అడగడం మానేసి ఊరికే చూస్తూ కూచున్నాడు. ఎక్కే ముందు వాళ్ళ మొహాలు వంగి చూశాడు, దిగాక చూశాడు. ఇన్నేళ్ళూ వీళ్ళంతా ఎస్కలేటర్ ఉందని వస్తున్నారనుకున్నాను, ఉన్నా వస్తున్నారన్నమాట, అన్నాడు.

దీన్ని రిపోర్ట్‌లో ఆయన పేరున పెడతాను.

జూన్ 27, శుక్రవారం

రిపోర్ట్ ఇచ్చేశాను. విశేషణాలు లేవు. పాత మెషీన్ లెక్క, కొత్త మెషీన్ లెక్క, పట్టీల రోజుల లెక్క, మేనేజర్ స్వయంగా అడిగి తెలుసుకున్నది. పట్టీలు కుట్టింది నా వదిన అని మొదటి పేజీలోనే రాశాను. పట్టీల రోజుల్లో వానపడ్డ ఒక రోజు వచ్చినవాళ్ళలో చాలామంది తల దాచుకోవడానికే వచ్చారని, ఏమీ కొనలేదని కూడా రాశాను. అది షాపులకి మేలు చేసే ముక్క కాదు. కానీ నిజం.

వదిన అడిగింది, అది రాయకపోతే ఏమయ్యేదే? మిగతాది కూడా ఎవరూ నమ్మేవారు కాదన్నాను. మూతి మూడు వంకరలు తిప్పింది.

జూన్ 30, సోమవారం

మీటింగ్ అయింది. బౌలింగ్ లేదు. షాపులుంటాయి.

పైగా ఓనర్లు ఇంకో మాట అన్నారట. కదిలే మెట్లంటే భయపడుతూ కూడా ఇంతమంది వస్తున్నారంటే, భయం లేకుండా చేస్తే ఇంకెంతమంది వస్తారు? పడమట లిఫ్ట్ పెట్టిస్తారు.

షాపుల వాళ్ళు చెప్పుల షాపులో చేరి టీలు తాగారు. కళ్ళజోళ్ళాయన, మా లెక్కలమ్మ, అని నా ముందే అనేశాడు. వదిన అందరికంటే ఎక్కువ నవ్వింది. ఇంటికి వచ్చేటప్పుడు బస్సులో కిటికీ లోంచి చూస్తూ, లిఫ్టా, అంది. అంతే అంది.

సెప్టెంబర్ 14, ఆదివారం

లిఫ్ట్ పనులు సగంలో ఉన్నాయి. సిమెంటు దుమ్ముకి పట్టీలు మాసిపోతే క్లీనింగ్ వాళ్ళు ఎత్తి పారేశారు. మళ్ళీ చేతులే.

ఇవాళ అన్నయ్యకి సెలవు. మంచం మీద పడుకుని పేపర్ చదువుతూ, మీ మాల్‌లో లిఫ్ట్ ఎప్పటికవుతుందే, అన్నాడు. నీకెందుకు అన్నాను. అదైతే ఇక నా బస్సు టైముకి కదులుతుంది, మెమోలుండవు, అన్నాడు. లిఫ్ట్‌కీ నీ బస్సుకీ ఏమిటి సంబంధం అనబోయి ఆగిపోయాను.

స్టాప్‌లో నిలబెట్టిన బస్సు డ్రైవర్ సీటు లోంచి, పడమటి అద్దాల గుమ్మం లోంచి, స్తంభం సూటిగా కనిపిస్తుంది.

వదినకి తెలుసా అన్నాను. పేపర్ దించకుండా, దేని గురించే, అన్నాడు.

నవంబర్ 3, సోమవారం

లిఫ్ట్ మొదలైంది. మధ్యాహ్నం చాలాసార్లు ఎక్కి దిగాను. అందరూ తలుపు వైపు తిరిగి నిలబడతారు. అంకె మారడం చూస్తారు. ఎవరూ ఎవరికీ తగలరు. మెషీన్ ఒక్కొక్కరినీ ఒక్కొక్కరుగా లెక్కపెడుతోంది. ఇంత కచ్చితమైన లెక్క నేను ఇక్కడ చేరాక చూడలేదు. గ్రాఫ్ పైకి పోతోంది. మేనేజర్ ఫోన్ చేసి అభినందించాడు.

ఒకసారి కొరియరాయన నా పక్కనే నిలబడ్డాడు. బాగున్నారా అన్నాను. గుర్తుపట్టలేదు. ఆయన చూపు అంకె మీదే ఉంది.

స్తంభం దగ్గర ఎవరూ లేరు.

నవంబర్ 12, బుధవారం

లిఫ్ట్ ఎలా ఉందని వదినని అడిగాను. చాలా సుఖంగా ఉందే, ఎవరికోసం ఆగక్కర్లేదు, ఒక్కదాన్నే వెళ్ళిపోతున్నాను, అంది. సూదిలో దారం ఎక్కించి, ముడి వేసి, మళ్ళీ అంది, ఒక్కదాన్నే.

నవంబర్ 21, శుక్రవారం

లిఫ్ట్ పనిచేస్తోంది. అయినా పొద్దున వదిన స్తంభం దగ్గర నిలబడి ఉంది. బయట స్టాప్‌లో బస్సు ఆగి ఉంది.

వెళ్ళి అటువైపు నిలబడ్డాను. పైకేనాండీ అన్నాను. అవునండీ అంది. చెయ్యి చాపింది. తడిగా ఉంది. కాలు పెడుతుంటే వెనక బస్సు కదిలిన చప్పుడు.

పైన చెయ్యి వదిలేసి, వెనక్కి చూడకుండా షాపుకి వెళ్ళిపోయింది.

మెషీన్ లెక్క: ఒకటి. దిద్దలేదు.